గాలిగొట్టం ఎటువైపు

జురాంగ్ ఈస్ట్, సింగపూర్
19-11-2000, ఆదివారం

మహారాజశ్రీ సాంబమూర్తి గారి సముఖమునకు జగన్మోహనరావు నమస్కరించి వ్రాయునది.

ఉభయకుశలోపరి అని మొదలుపెట్టడం మన పెద్దల పద్ధతి. మీ కుశలం నాకు తెలిసే వీలు లేదు కాబట్టి ఒక్క వైపు కుశలమే వ్రాస్తున్నాను. నేనూ, ప్రభావతీ ఇక్కడ మా అమ్మాయి ఉదయశ్రీ ఇంట్లో క్షేమంగా ఉన్నాము. మీరు, చిరంజీవి సౌభాగ్యవతి సరోజిని చెల్లెమ్మ విశాఖపట్నంలో క్షేమంగా ఉన్నారని తలుస్తాను.

ఇంతవరకూ రాసి పెన్ను కింద పెట్టేశాను. నీకు ‘మీరు’ అని రాస్తుంటే పై అధికారికి సెలవు చీటీ రాస్తున్నట్టుంది. ఒరేయ్ సాంబా, ఇరవై రెండేళ్ళ తర్వాత నీకు ఉత్తరం రాస్తున్నాను. కవరు మీద నా చేతిరాత చూడగానే నీ ముక్కుపుటాలు అదిరి ఉంటాయి. చింపెయ్యకు. చివరిదాకా చదివాక నీ ఇష్టం.

మేము ఇక్కడికొచ్చి రెండు నెలలు దాటింది. ఉదయ బ్యాంకుల కంప్యూటర్లు ఒకదానితో ఒకటి మాట్లాడుకోవడానికి ప్రోగ్రాములు రాస్తుంది. అల్లుడు నవనీత్ కూడా ఆ పనిలోనే ఉన్నాడు. రెండువేల సంవత్సరం రాగానే కంప్యూటర్లన్నీ ఆగిపోతాయని ప్రపంచమంతా హడలిపోతే, ఆ హడలు తీర్చడానికి వచ్చి ఇక్కడే ఉండిపోయాడు. ఆదివారం సెరంగూన్ రోడ్డుకి వెళితే మనవైపు ఇంజనీరింగు పాసైన పిల్లలందరూ ఇక్కడే ఉన్నారా అనిపిస్తుంది. ఒకడు అమలాపురం అంటాడు, ఇంకొకడు నల్గొండ అంటాడు, అందరూ నన్ను అంకుల్ అంటారు. మనవరాలు రుచిత తెలుగు అర్థం చేసుకుంటుంది గానీ జవాబు ఇంగ్లీషులో చెబుతుంది. నేను మెట్లు నెమ్మదిగా దిగుతుంటే తాతయ్యా ఫాస్ట్ లా, రైలు వెళ్ళిపోతుంది లా అని తొందరపెడుతుంది. ఆ ‘లా’ ఏమిటో నాకు ఇప్పటికీ బోధపడలేదు.

ఇక్కడ నాకు బాగా నచ్చిన ఆచారం ఒకటి ఉంది. హాకర్ సెంటరని, మన క్యాంటీను లాంటిదే, కాకపోతే పెద్దది. అక్కడ ఖాళీ కుర్చీ ఎదురుగా బల్లమీద ఒక కాగితపు రుమాళ్ళ ప్యాకెట్టు పెట్టి తిండి తెచ్చుకోవడానికి వెళితే, తిరిగొచ్చేదాకా ఆ కుర్చీ ఎవరూ ముట్టుకోరు. దీన్ని చోప్ చేయడం అంటారు. నేను రోజూ కాఫీకి వెళ్ళి నా కుర్చీకి కాకుండా ఎదుటి కుర్చీకి ఒక ప్యాకెట్టు పెడుతున్నాను. ఎవరికోసమండీ అని ప్రభావతి అడిగింది. ఎవరో వస్తారులే అన్నాను. ఆవిడ నవ్వింది. ఆవిడకి తెలుసు.

నీకూ తెలుసు, నేను ఏ ఊళ్ళో ఉన్నానో. మన పడవ ఊళ్ళో ఉన్నాను.

యు-181. ఆ మాట రాస్తుంటే ఇప్పటికీ నా చెయ్యి తిన్నగా నిలబడుతుంది. షిప్‌యార్డు డ్రాయింగాఫీసులో నీ బల్ల కిటికీ పక్కన, నా బల్ల నీ వెనక. అమ్మోనియా ప్రింట్ల ఘాటు, ట్రేసింగ్ క్లాత్ మీద రాసే పౌడరు, తప్పు గీతని బ్లేడుతో గీకే చప్పుడు. మనిద్దరికీ పెళ్ళిళ్ళు కూడా కాలేదు. మరమ్మతుకి వచ్చిన ఓడలో ఇంజనీరెవరో పారేసిన అమెరికా పత్రిక నీకు దొరికింది. మధ్య పేజీలో ఆ జర్మన్ జలాంతర్గామి పటం. మధ్యాహ్నం ఉప్మా చల్లారిపోతున్నా పట్టించుకోకుండా నువ్వు దాన్ని నాకు చూపించావు. ఎనభై ఏడున్నర మీటర్ల పొడవు. లోపల నీటి ఒత్తిడికి తట్టుకునే గట్టి పొట్ట ఒకటి, దాని బయట ఇంకో తొడుగు, రెండింటి మధ్య నూనే, నీళ్ళూ. రెండు పెద్ద డీజిల్ ఇంజన్లు చాలవన్నట్టు, నింపాదిగా ప్రయాణం చేయడానికి వేరే రెండు చిన్న ఇంజన్లు. ఈ చిన్న ఇంజన్లు పెట్టినవాడికి సంసారం తెలుసురా, పండగ ఖర్చు వేరు, రోజు ఖర్చు వేరు అని నువ్వన్నావు. ఆ మాటకి నేను నవ్విన నవ్వుకి హెడ్ డ్రాఫ్ట్స్‌మన్ పార్థసారథి గారు కళ్ళద్దాల పైనుంచి చూశారు.

తర్వాత మనం దాని జాతకమంతా కూడబెట్టాం. ఎక్కడ ఏ పాత పుస్తకం దొరికినా ముందు దాని పేరు కోసమే వెతికేవాళ్ళం. బ్రెమెన్‌లో కట్టారు. 1942లో కొలువులో చేరింది. ఆఫ్రికా కొస చుట్టి మన హిందూ మహాసముద్రంలోకి వచ్చింది. 1944లో పెనాంగ్ చేరింది. బటావియా నుంచి స్వదేశానికి బయలుదేరి, ఇంజను బేరింగులు అరిగిపోతే దారిలోంచి వెనక్కి తిరిగింది. చివరికి ఈ సింగపూర్ చేరి, జర్మనీ లొంగిపోయిన రోజుల్లో ఇక్కడే ఉంది. జపాన్ వాళ్ళు జెండా మార్చి ఐ-501 అని పేరు పెట్టారు. ఆ తర్వాత ఇంగ్లీషువాళ్ళు దాన్ని మలక్కా జలసంధిలోకి లాక్కెళ్ళి 1946 ఫిబ్రవరిలో ముంచేశారు. మూడు దేశాల చేతులు మారి, పరాయి నీళ్ళలో అడుగుకి పోయింది. నువ్వు ఈ చివరి భాగం చెప్పినప్పుడల్లా నీ గొంతు తగ్గిపోయేది.

మొన్న ఇదంతా భోజనాల దగ్గర చెబుతుంటే ప్రభావతి, అన్ని ఓడలు ముంచిన దాన్ని పట్టుకుని మీరిద్దరూ మన పడవ, మన పడవ అని ముద్దు చేస్తారేమిటండీ అంది. ఆ మునిగిన ఓడల్లో కొలిమి దగ్గర బొగ్గు వేసిన మనదేశపు లస్కర్లూ ఉండే ఉంటారు. వాళ్ళని మనం ఒక్కసారైనా తలచుకోలేదురా. మనం గీతల్ని ప్రేమించాం. వయసు అలాంటిది, ఉద్యోగం అలాంటిది.

మల్కాపురంలో మీ ఇంటి వరండాలో మోడల్ మొదలుపెట్టిన రోజులు నాకు కళ్ళకి కట్టినట్టున్నాయి. మీటరుకి సెంటీమీటరు లెక్క. కొయ్య అచ్చులు చేసే ప్యాటర్న్ షాపులో మిగిలిన టేకు ముక్కలు. ప్రతి ఆదివారం సరోజిని చెల్లెమ్మ పెసరట్లు వేసి, పొట్టు మీద పడుతుంది, అవతలికి జరగండి అన్నయ్యా అని గదమాయించేది. మన ఉదయ గచ్చు మీద కూర్చుని టేకు రజనుతో ముగ్గులు పెట్టేది. ఏళ్ళు పట్టింది. మనకి తొందర లేదు కూడా. ఏ రూపంలో చేద్దామంటే, చివరి రోజుల్లో సింగపూర్‌లో ఎలా ఉందో అలాగే చేద్దామన్నావు. నీళ్ళ కింద ఉండి కూడా ఇంజన్లకి గాలి పీల్చుకునే గొట్టం అమర్చిన రూపం. అక్కడే వచ్చింది మన చావు.

నిన్న రాత్రి వంటకి తెచ్చిన వంకాయ ఒకటి తీసుకుని ఈ గొడవ నవనీత్‌కి వివరించాను. వంకాయ అడుగు పడవ ముక్కు, తొడిమ తోక. పక్కన గుచ్చిన లవంగం గాలిగొట్టం. పత్రికలో పక్కనుంచి చూసిన బొమ్మ ఒకటి ఉంది. దాని పక్కనే, ఒక కొసనుంచి చూసిన చిన్న బొమ్మ. ఆ చిన్న బొమ్మలో గొట్టం మన కుడిచేతి వైపు ఉంది. ఆ బొమ్మ ముక్కు వైపునుంచి చూసి గీసినదైతే గొట్టం పడవకి ఎడమవైపు ఉన్నట్టు. తోక వైపునుంచి చూసి గీసినదైతే కుడివైపు ఉన్నట్టు. మన ఆఫీసు పద్ధతిలో ఆ స్థానంలో ముక్కు వైపు బొమ్మ వేస్తారు. అమెరికా పద్ధతిలో తోక వైపు బొమ్మ వేస్తారు. ఏ పద్ధతో కింద రాసి ఉండాలి, రాయలేదు. పత్రిక అమెరికాది కాబట్టి కుడివైపే అని నేను. పత్రిక ఎవరిదైతేనేం, పడవ జర్మనీది, జర్మన్ల పద్ధతి మన పద్ధతే, కాబట్టి ఎడమవైపే అని నువ్వు. నవనీత్ వంకాయని అటూ ఇటూ తిప్పి, మామయ్యా, మా ప్రాజెక్టుల్లోనూ ఇంతే, కావలసినదేమిటో సరిగా రాయకపోతే ఇద్దరూ కరెక్టే, గొడవ మాత్రం గ్యారంటీ అన్నాడు. బుద్ధిమంతుడు. ప్రభావతి వచ్చి మా జలాంతర్గామిని పట్టుకుపోయి కూరలో వేసేసింది.

కానీ ఆ రోజు, 1978లో, మన గొడవ ఇంత తేలిగ్గా తేలలేదు. నువ్వు రాగితీగతో గొట్టం చేసి ఎడమవైపు అతికించి, ఆఫీసువాళ్ళందర్నీ ఇంటికి పిలిచావు. పటాల్లో తప్పులు పట్టే చెకర్ని కదా, నేను జేబులోంచి ఎర్ర పెన్సిలు తీసి, అందరి ఎదుటా, ఆ గొట్టం చుట్టూ టేకు మీద గుండ్రంగా గుర్తు పెట్టాను. మన ఆఫీసు నియమం నీకు చెప్పాలా? చెకర్ ఎర్ర గుర్తు పెడితే గీసినవాడే ఆ గీత చెరిపి దిద్దాలి. లేదా గుర్తు పెట్టినవాడే ‘ఉపసంహరించడమైనది’ అని రాసి పొడి సంతకం చేయాలి. ఒకడి గీత ఇంకొకడు చెరపడానికి వీల్లేదు. నువ్వు చెరపలేదు. నేను ఉపసంహరించలేదు. రిటైరయ్యేదాకా నీ బల్ల ముందు, నా బల్ల వెనక. నా కాగితాలు నీకూ, నీ కాగితాలు నాకూ ప్యూను చేత నడిచాయి. పార్థసారథి గారు రెండుసార్లు మనిద్దర్నీ పిలిచి కాఫీ పోయించారు. కాఫీ తాగి వచ్చేశాం. నా రిటైర్మెంటు రోజున అందరూ దండలు వేశారు. నువ్వు తలవంచుకుని టీ-స్క్వేరు తుడుచుకుంటూ కూర్చున్నావు. ఆ తల ఎత్తుతావేమోనని గుమ్మం దగ్గర కాసేపు నిలబడ్డాను.

సరే, అసలు సంగతికి వస్తాను. నిన్న శనివారం ఉదయ నన్ను స్టాంఫర్డ్ రోడ్డులో ఎర్ర ఇటుకల లైబ్రరీకి తీసుకెళ్ళింది. నౌకాదళాల పుస్తకాలున్న బీరువా దగ్గర కూర్చోబెట్టి, తను కూడా పక్కనే కూర్చుంది. మన కాలంలో దొరకని పుస్తకాలురా, నువ్వు చూస్తే ఇంటికి రానంటావు. వాటిలో ఒకదాంట్లో దొరికింది. ఇక్కడి రేవులో కట్టేసి ఉన్న మన పడవ ఫోటో. తుప్పు చారలు, డెక్కు మీద ఎవరో ఇద్దరు సోల్జర్లు. గొట్టం మడిచి పడుకోబెట్టి ఉంది, స్పష్టంగా కనిపిస్తోంది.

ఎడమవైపే ఉందిరా సాంబా. నువ్వు చెప్పినట్టే ఉంది. నేను బొమ్మని తోక వైపునుంచి చదివాను, అది ముక్కు వైపు బొమ్మ. అమెరికావాడు జర్మన్ పటాన్ని ఉన్నదున్నట్టు అచ్చేసుకున్నాడన్నమాట. నువ్వు సరిగ్గా ఆ మాటే అన్నావు, నేనే వినలేదు. ఉదయ ఆ పేజీ జిరాక్సు తీయించింది గానీ దాన్ని నేను రైల్లోనే ఎక్కడో పోగొట్టాను. లేకపోతే ఇందులో పెట్టి పంపేవాణ్ణి.

కాబట్టి నియమం ప్రకారం: మోడల్ మీద నేను పెట్టిన ఎర్ర గుర్తు ఉపసంహరించడమైనది. జ.మో.రా. 19-11-2000.

చూడు, ఇది రాసేసరికి నాకెంత తేలిగ్గా ఉందో. చేతిమీద బరువేదో దింపినట్టుంది.

ఇక ఒక కోరిక. ఇక్కడ ఎర్ర రంగు లైను రైలు జురాంగ్ ఈస్ట్‌లో ఎక్కితే సెంబవాంగ్ దాకా నేరుగా వెళుతుంది. ఆ పక్కనే మన పడవ ఆగిన పాత నౌకాస్థావరం, ఎదురుగా జొహోర్ జలసంధి. ఎప్పటికైనా ఇద్దరం కలిసి ఆ నీళ్ళ ఒడ్డున నిలబడాలని క్యాంటీనులో ఒట్టు పెట్టుకున్నాం, గుర్తుందా? నేను కిందటి నెల ఒక్కణ్ణీ రైలెక్కి సెంబవాంగ్‌లో దిగాను. బస్సు వస్తే నీళ్ళు కనిపించే చోటికి వెళ్ళిపోవచ్చు. బస్సు వచ్చింది కూడా. ఎక్కబుద్ధి కాలేదు. నువ్వు లేకుండా చూస్తే ఒట్టు తప్పడం ఒకటే కాదు, చూసింది ఎవరికి చెప్పుకోను? స్టేషన్లో ఒక అరటిపండు తిని వెనక్కి వచ్చేశాను.

మా వీసా జనవరి ఆఖరుదాకా ఉంది. నువ్వూ చెల్లెమ్మా రండి. ఉదయ కాగితాల సంగతి చూస్తానంది. నువ్వు తనతో అప్పుడప్పుడూ ఫోన్లో మాట్లాడుతున్నావని నాకు తెలుసులే. తెలియనట్టు నటించి నాకూ విసుగొచ్చింది. వచ్చేటప్పుడు మోడల్ తీసుకురా. పసిపిల్లాణ్ణి పట్టుకున్నట్టు ఒళ్ళో పెట్టుకుని విమానంలో కూర్చో, ఎవరైనా అడిగితే బొమ్మ అని చెప్పు. ఆ ఎర్ర గుర్తు నా చేత్తో నేనే తుడవాలి.

నాకు అరవై ఎనిమిది వచ్చాయి. నీకు నాకన్నా మూడు నెలలు తక్కువ. కొత్త స్నేహితుల్ని వెతుక్కునే ఓపిక లేదురా, ఉన్నవాడివి నువ్వొక్కడివే. తిట్టాలనిపిస్తే తిడుతూ అయినా ఒక్క ముక్క రాయి. నీ చేతిరాతతో అడ్రసు ఉన్న కవరు ఈ తలుపు కింద కనిపిస్తే చాలు.

చెల్లెమ్మకి మా ఇద్దరి ఆశీస్సులు. పెసరట్ల ఋణం తీర్చలేదని ప్రభావతి మరీ మరీ రాయమంది.

నీ గీతల్ని వెనకబల్ల నుంచి చూస్తూ బతికినవాడు,
జగ్గు

తా.క.

సాంబమూర్తి అంకుల్‌కి ఉదయ నమస్కారాలు. నాన్న ఈ ఉత్తరం పోస్టు చేయమని నాకిచ్చారు. అడ్రసు ఒకసారి సరిచూడమన్నారు, నేను లోపలిదంతా చదివేశాను. ఆయనకి తెలియకుండా ఈ నాలుగు మాటలు రాసి కవరు అతికిస్తున్నాను.

నిన్న లైబ్రరీలో నేను పక్కనే ఉన్నాను అంకుల్. గొట్టం కుడివైపే ఉంది. నాన్న భూతద్దం పెట్టి చూశారు, పుస్తకం తిప్పి చూశారు, కింద రాసినది నా చేత చదివించారు. నాన్నా, మీరే కరెక్టు కదా అని నేను గట్టిగా అనేశాను, చుట్టుపక్కలవాళ్ళు చూశారు కూడా. ఆయనకి సంతోషమే లేదు. ఇరవై రెండేళ్ళు కరెక్టుగానే ఉన్నానమ్మా, ఏం చేసుకోను అన్నారు. మీకు చెప్పొద్దని నా చేత మాట తీసుకున్నారు. జిరాక్సు పోలేదు, ఆయన చొక్కా జేబులోనే ఉంది.

దీపావళికి ఫోన్ చేసినప్పుడు మీరు నాతో చెప్పినది నేను నాన్నకి చెప్పలేదు. గొడవైన ఏడాదే మీకు ఆ పటం సంగతి అర్థమైందనీ, మీ గీత మీరే చెరిపి గొట్టం కుడివైపు అతికించారనీ, దిద్దిన మోడల్ చెకర్‌కి చూపించడానికి మొహం చెల్లక బీరువా మీద పెట్టేశారనీ. మీరూ నా చేత మాట తీసుకున్నారు. నేను రెండు బ్యాంకుల మధ్య మాటలు కలిపి జీతం తీసుకుంటాను, మా ఇంట్లో మాత్రం ఇద్దరి నోళ్ళకీ నేనే తాళం.

ఇవాళ నాన్న మధ్యాహ్నమంతా కూర్చుని ఈ ఉత్తరం రాశారు. ఓడిపోయానని రాస్తూ నవ్వుకుంటున్నారు. రాయడం అయ్యాక రుచితని ఎత్తుకుని హాలంతా తిరిగారు. నేను పుట్టాక నాన్న ఓడిపోయి ఇంత సంతోషంగా ఉండటం ఎప్పుడూ చూడలేదు. అందుకని అంకుల్, మీరు ఒప్పుకోకండి. నేను చెప్పలేదూ, నువ్వే తప్పు అని నాలుగు తిట్లు తిడుతూ రాయండి. తప్పకుండా రండి. సరోజిని ఆంటీని తీసుకుని రండి.

మోడల్ మాత్రం తీసుకురాకండి.